నీడలను నిలుపదలచిన వెంకయ్య

తెలుగు చలనచిత్రరంగమునకు జీవితమంతయు సేవ చేసిన పెద్దలను సన్మానించుటకు ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము 1980 సంవత్సరమునుండి ఒక పురస్కారమును నెలకొల్పి, దానికి రఘుపతి వెంకయ్య పేరు పెట్టినది. తొలి పురస్కారము ఎల్.వి. ప్రసాద్ గారికి లభించినది. నాటినుండి వెంకయ్య పేరు ఎన్నో సభలలో వినబడినది, ఎన్నో పత్రికలలో అచ్చయినది. అయినను ఒక్క సంగతిని పాఠకులు గమనింపవలెనని మా కోరిక. ఆ పేరు వినని సినిమా అభిమాని అరుదు. కాని ఆయన తీయించిన బొమ్మను చూడగోరినవారికి నేడు చూపించుటకు ఏమియు లేదు. జీవితమంతయు బొమ్మలను నిలుపుటయే వృత్తిగా గడపిన మనిషికి బొమ్మలే మిగులకపోయినవి.

అట్లయిన ఆయనను మనము దేనికొరకు స్మరించుచున్నాము? ఆయన చేసిన పని ఎట్టిది, ఏ వరుసలో చేసినారు, అది ఎట్లు చేజారినది అను విషయములను విచారించుటకే ఈ ప్రసంగమును ఉద్దేశించినాము. బొమ్మను పట్టుట, బొమ్మను చూపుట, బొమ్మను తీయుట అనునవి మూడు వేరువేరు వృత్తులు. మన దేశమున ఒక్కొక్కరు ఒక్కొక్కదానిని చేపట్టినవారే ఎక్కువ. మూడింటిని ఒకదానిపై ఒకటిగా, మెట్లు కట్టినట్లు కట్టినవాడు తెలుగువారిలో వెంకయ్య.

వెంకయ్య 1869 అక్టోబరు 15వ తేదీన మచిలీపట్నమున జన్మించినారు. ఆనాటి బందరు ఓడరేవు. అద్దకపు గుడ్డలకు, కలంకారీ పనికి దూరదేశముల వరకు పేరుమోసిన ఊరు. రేఖ, రంగు, అచ్చు అనునవి ఆ ఊరి వీథులలో బాలురకు కొత్త విద్యలు కావు. చిన్ననాటనే చిత్రలేఖనము వైపు మొగ్గిన వెంకయ్య 17 ఏండ్ల ప్రాయమున మద్రాసు చేరినారు. అక్కడ బొమ్మలు వేయుటతో ఆరంభించి, ఫోటో తీయు విద్యను అలవరచుకొని, మౌంటురోడ్డులో ఫోటో స్టూడియో నెలకొల్పి స్థిరపడినారు.

ఆ కాలమున ఫోటో తీయుట సులభమైన పని కాదు. గాజుపలకపై వెండి లవణముల పూత, చీకటిగది, మందులు, నీళ్ళు. అన్నిటికంటె మిన్నగా సూర్యుడు. మబ్బు పట్టిన దినమున వ్యాపారము లేదు. కూర్చున్నవారు కొన్ని క్షణములు కదలక మెదలక ఉండవలెను. కదలినచో ముఖము చెదరిపోవును. అందుచేతనే నాటి ఫోటోలలో మన తాతలు కొయ్యబొమ్మలవలె బిగుసుకొని కనిపింతురు. మనిషిని కదలనీయకుండుటయే నాటి ఫోటోగ్రాఫరు పని. అటువంటి వృత్తిలో ఇరువది ఏండ్లు గడపిన వెంకయ్యను కదలెడి బొమ్మ ఆకర్షించుటలో ఆశ్చర్యము లేదు.

ఫ్రాన్సు దేశపు లూమియేరు సోదరుల చలనచిత్రములు మన దేశమున మొదటిసారి బొంబాయిలోని వాట్సన్ హోటలులో 1896 జూలై 7వ తేదీన ప్రదర్శింపబడినవి. మరుసటి ఏటికే ఆ వింత మద్రాసు చేరినది. అవి మూగ బొమ్మలు, కొద్ది నిమిషముల ముచ్చటలు. రైలు వచ్చుట, పనివారు కర్మాగారమునుండి వెలువడుట, సముద్రమున స్నానములు. జనము నోరు తెరచి చూచినారు. కాని వెంకయ్యను పట్టుకొన్నది మూగ బొమ్మ కాదు, మాట్లాడెడి బొమ్మ. ఇచ్చట రేడియో గల మా పాఠకులకు రుచించు ఒక యంత్రమును గూర్చి కొంత వివరముగా చెప్పవలసియున్నది.

ఆ యంత్రము పేరు క్రోనో మెగాఫోను. ఫ్రాన్సు దేశమున లియాన్ గోమాన్ అను ఆయన 1902లో ప్రదర్శించిన క్రోనోఫోనుకు అది పెద్దన్న. బొమ్మను చూపు యంత్రమును, గ్రామఫోనును విద్యుత్తుతో ముడివేసి రెండును ఒకే వేగమున నడచునట్లు చేసినారు. మొదట గాయకుని పాటను గ్రామఫోను ప్లేటుపై ఎక్కించెడివారు. తరువాత ఆ ప్లేటును పాడించుచుండగా నటుడు పెదవులు కదలించెడివాడు. దానిని కెమెరా పట్టెడిది. నేడు మన చిత్రములలో నేపథ్యగానమునకు నటులు పెదవులు కలుపు పద్ధతి అదియే. ప్లేటు ఎంతసేపు తిరుగునో బొమ్మయు అంతసేపే. అనగా మూడు నాలుగు నిమిషములు.

ఇక ధ్వనిని పెద్దది చేయుట ఎట్లు? నేడు మన రేడియోలో లోపలి భాగములు సన్నని విద్యుత్ సంకేతమును పెంచి లౌడ్ స్పీకరుకు అందించుచున్నవి. అప్పటికి ఆ సౌకర్యము వాడుకలో లేదు. గోమాన్ యంత్రమున పీడనము గల గాలిని వాడినారు. ముల్లు కదలిక ఒక చిన్న తలుపును కదలించును. ఆ తలుపు సందునుండి బలమైన గాలి వెలువడుచు ధ్వనిని పెంచి బూరలద్వారా శాలయంతటికి వినిపించును. గాలి వెడలు రొద కూడ దానితోపాటు ఉండక తప్పదు. ముల్లు ఒక గాడి తప్పినను, ఫిలిము తెగి అతికినను, పాటకును పెదవికిని పొత్తు కుదరదు. యంత్రము నడపువాడు క్షణక్షణము కనిపెట్టి వేగమును సరిచేయవలసినదే. అయినను మనిషి రూపము, మనిషి గొంతు కలసి ఒక చోట ఉండక మరొక చోట ప్రత్యక్షమగుట ఆనాటి వారికి ఇంద్రజాలమే.

దాని ఖరీదు 30,000 రూపాయలు. ఆ దినములలో బంగారు సవరను మారకపు వెల 15 రూపాయలు. అనగా వెంకయ్య ఆ యంత్రమునకు రెండువేల సవరనుల విలువ పోసినారన్నమాట. అంత ధనము చేతిలో లేదు. నడచుచున్న ఫోటో స్టూడియోను తాకట్టు పెట్టి యంత్రమును తెప్పించినారు. 1910 ప్రాంతమున మద్రాసులోని విక్టోరియా పబ్లిక్ హాలులో ప్రదర్శనలు ఆరంభించినారు. నలుబది ఏండ్లు దాటిన గృహస్థు, స్థిరమైన వృత్తి గలవాడు, చేతిలోని బొమ్మను కుదువబెట్టి కదలెడి బొమ్మను కొన్నాడు. ఆ తాకట్టు పత్రమునుండియే తెలుగువారి చలనచిత్ర చరిత్రను ఆరంభించుట న్యాయమని మా అభిప్రాయము.

యంత్రము వచ్చినంత మాత్రమున చూచువారు రారు. ఒకే హాలులో అవే కొద్దిపాటి బొమ్మలు ఎన్ని దినములు ఆడును? అందువలన యంత్రమే జనమును వెదకుకొనుచు వెళ్ళవలసి వచ్చినది. వెంకయ్య డేరా వేసికొని బెంగుళూరులోను, ఆంధ్రదేశపు పట్టణములలోను, సముద్రము దాటి సింహళమున, బర్మాలో కూడ ప్రదర్శనలిచ్చినారు. ఆనాటి రంగూనులో తీరాంధ్రమునుండి వలసవెళ్ళిన తెలుగు కూలీలు వేలసంఖ్యలో ఉండిరి. మన ఊళ్ళలో సంత జరుగుచోట, తిరునాళ్ళ మైదానమున, తోలుబొమ్మలవారు తెర కట్టిన నేలపైననే ఇప్పుడు మరొక తెర లేచినది. జనము ఆ కొత్తదానిని కూడ పాతపేరుతోనే బొమ్మ అని పిలిచినారు. సినిమాకు తెలుగువాడు పెట్టుకొన్న సొంతపేరు నేటికిని అదియే.

ఈ సందర్భమున మా నారాయణఖేడ్ సీమను తలచుకొనుట అసంగతము కాదు. ఈ తాలూకా 1956 వరకు బీదరు జిల్లాలో ఉండి, రాష్ట్రముల పునర్విభజనతో మెదకు జిల్లాలో చేరినది. నేడు సంగారెడ్డి జిల్లాలో ఉన్నది. ఇక్కడి సంతలో తెలుగు, కన్నడము, మరాఠీ ఒకే బేరములో వినబడును. కచేరీలో ఉర్దూ నడచిన కాలము కూడ ఉన్నది. ఇటువంటి నేలపై మూగ బొమ్మకు ఉన్న సౌలభ్యము మాట్లాడు బొమ్మకు లేదు. భీష్ముడు చేయి పైకెత్తి ప్రతిజ్ఞ చేసిన తీరు నాలుగు భాషలవారికిని ఒక్కటే. అక్షరములు తెరపై పడినప్పుడు ఎవరో ఒకరు లేచి చదివి చెప్పినచో చాలును. మూకీల కాలమున తెర ప్రక్కన నిలిచి కథ చెప్పు వ్యాఖ్యాతలు దక్షిణదేశమున ఉండిరి. తెలుగు సినిమా పుట్టినప్పుడు దానికి భాష లేదు అను మాటను ఈ అర్థమున గ్రహింపవలెను. అది నాలుగు దిక్కుల వారిని కూర్చుండబెట్టిన కళ.

డేరాల తిరుగుడులో వెంకయ్య ఒక పాఠము నేర్చినారు. వానకు, గాలికి, పోలీసు అనుమతికి లోబడిన డేరాను నమ్మి పెద్దపని తలపెట్టరాదు. 1914లో మద్రాసు మౌంటురోడ్డు సమీపమున గెయిటీ అను సినిమా శాలను కట్టించినారు. అంతకుముందు ఆ నగరమున ఐరోపావారి చేతిలో నడచిన ప్రదర్శనశాలలు ఉండినవి. భారతీయుడు కట్టించి నడపిన వానిలో గెయిటీ మొదటిదని ప్రసిద్ధి. దాని తరువాత మింటువీథిలో క్రౌను, పురశవాకమున గ్లోబు అను మరి రెండు శాలలు వెలసినవి. గ్లోబు తరువాతి కాలమున రాక్సీ అను పేరుతో నడచినది.

ఈ మూడు శాలలలో ఆడినవి చాలవరకు విదేశీ చిత్రములు. ముఖ్యముగా అమెరికానుండి వచ్చెడి సీరియలు చిత్రములకు ఆ కాలమున గిరాకీ మెండు. కథానాయిక రైలుపట్టాలపై చిక్కుకొన్నచోట ఒక భాగము ముగియును. రెండవ భాగము వచ్చువరకు ప్రేక్షకుడు ఆదుర్దా పడవలెను. నేల టిక్కెట్టు కొన్నవాడు మరల రాక మానడు. ఇట్లు ప్రతిరాత్రి పోగుపడిన అణాలే వెంకయ్యకు పెట్టుబడి. రాజాశ్రయము లేదు, బ్యాంకు అప్పు దొరకదు. సినిమా తీయువానికి అప్పిచ్చు షావుకారు అప్పటికి పుట్టలేదు. కావుననే మొదట చూచువారిని, తరువాత చూపుచోటును సంపాదించుకొని, ఆ రాబడితో బొమ్మ తీయవలెనని ఆయన తలంచినారు. ఈ వరుసను గమనించినగాని ఆయన బుద్ధికుశలత మనకు బోధపడదు.

బొమ్మ తీయుటకు కావలసినది నేర్పరియైన చేయి. పరదేశపు నిపుణుని రప్పించుట ఒక మార్గము. వెంకయ్య రెండవ మార్గమును ఎన్నుకొన్నారు. తన కుమారుడు సూర్యప్రకాశ్‌ను 1918లో ఇంగ్లండు పంపినారు. ప్రకాశ్ 1901లో జన్మించినవాడు. అప్పటికి పదునేడేండ్ల యువకుడు. తండ్రి బందరు విడిచి మద్రాసు చేరిన వయస్సు కూడ అదియే. లండను సమీపమున ఈలింగ్‌లో నున్న బార్కరు చిత్రనిర్మాణశాలలో ప్రకాశ్ కెమెరా పనిని అభ్యసించినారు. తరువాత ఐరోపాలోను, అమెరికాలోను స్టూడియోలను చూచి, ఒక కెమెరాతో స్వదేశము చేరినారు.

మదురలో మీనాక్షీ కల్యాణమును చిత్రించుట ఆయన తొలి ప్రయత్నము. కెమెరా దోషము వలన అది ఫలింపలేదు. నాటి కెమెరామెన్‌కు తాను పట్టినది ఎట్లున్నదో వెంటనే తెలియదు. ఫిలిము కడిగి ఆరవేసినగాని శ్రమ ఫలించినదో వ్యర్థమైనదో తేలదు. విదేశములలో ఏండ్ల తరబడి నేర్చిన విద్య మొదటి అడుగుననే తడబడినను తండ్రి వెనుదీయలేదు. మద్రాసులో స్టార్ ఆఫ్ ది ఈస్ట్ అను పేరుతో చిత్రనిర్మాణ సంస్థను, పైకప్పు గాజుతో కట్టిన స్టూడియోను నెలకొల్పినారు. గాజు కప్పు ఎందుకనగా, ఫోటో స్టూడియోలో వలెనే చిత్రనిర్మాణమునకు కూడ ఆనాడు సూర్యుడే ప్రధాన దీపము. మౌంటురోడ్డులో పలకలపై పని చేయించుకొన్న వెలుగునే వెంకయ్య ఇప్పుడు ఫిలిముపై పని చేయించినారు.

1921లో భీష్మప్రతిజ్ఞ వెలువడినది. ప్రకాశ్ దర్శకుడు, భీష్మపాత్రధారి కూడ. గంగ పాత్రను పెగ్గీ కాస్టెల్లో అను ఆంగ్లో ఇండియన్ యువతి ధరించినది. కులస్త్రీలు తెరపై కనబడుటకు అంగీకరింపని దినములవి. బొంబాయి పరిసరములలో ఫాల్కే గారు 1913లో రాజా హరిశ్చంద్ర తీసినప్పుడు తారామతి పాత్రను పురుషుడే ధరింపవలసి వచ్చినది. ఇచ్చట ఒక న్యాయమైన మాట చెప్పవలెను. దక్షిణదేశమున తొలి కథాచిత్రము వెంకయ్యది కాదు. అంతకు మూడు నాలుగేండ్ల ముందే మద్రాసులో ఆర్. నటరాజ మొదలియారు కీచకవధమును తీసియున్నారు. ప్రదర్శనారంగమున కూడ తిరుచిరాపల్లి రైల్వే ఉద్యోగి సామికన్ను విన్సెంటు 1905లోనే ఒక ఫ్రెంచివానినుండి యంత్రము కొని డేరాలు వేసినారు. వెంకయ్య ఘనత మొదటివాడగుటలో లేదు. యంత్రము, శాల, స్టూడియో, శిక్షణ పొందిన కెమెరామన్ అను నాలుగింటిని ఒక్క ఇంటిలో సమకూర్చుటలో ఉన్నది.

భీష్మప్రతిజ్ఞ తరువాత మత్స్యావతారము, గజేంద్రమోక్షము, నందనార్ మొదలగు చిత్రములు ఆ సంస్థనుండి వెలువడినవి. కథలన్నియు జనమునకు ముందే తెలిసినవి. మాట లేని తెరపై తెలియని కథను చెప్పుట కష్టమని వారు గ్రహించినారు. ఏనుగు కాలును మొసలి పట్టగానే ముందేమి జరుగునో హరికథలు విన్న ప్రతివానికి తెలియును. దానిని కంటితో చూచుటకే వాడు వచ్చినాడు.

ఆ స్టూడియో చిత్రములకంటె ఎక్కువకాలము నిలిచిన మరొక ఫలమును కూడ ఇచ్చినది. భీష్మప్రతిజ్ఞకు పనిచేసినవారిలో కాకినాడ యువకుడు సి. పుల్లయ్య ఒకరు. ఆయన తరువాత సొంతముగా ప్రదర్శనలిచ్చి, కాకినాడలో మూకీ తీసి, 1934లో లవకుశ టాకీతో తెలుగునాడంతటిని కదలించినారు. గజేంద్రమోక్షమున నటించిన వై.వి. రావు నెల్లూరు వాసి; 1937లో ఆయన దర్శకత్వము వహించిన తమిళ చింతామణి అఖండ విజయము పొందినది. తెలుగువారు తీర్చిన చేతులు తమిళ చిత్రమునకును ఉపయోగపడినవి. గాజు కప్పు క్రింద నడచినది కొద్ది ఏండ్లేయైనను అది ఒక పాఠశాలయని దీనివలన స్పష్టము.

ప్రపంచమున ఇతర చిన్న భాషలవారి అనుభవమును దీనితో పోల్చి చూచుట ఉపయుక్తము. కాకసస్ పర్వతముల దక్షిణమున జార్జియా అను దేశమున్నది. నాడది రష్యా చక్రవర్తి ఏలుబడిలో నుండెను. కుతైసి పట్టణమునకు చెందిన వసీల్ అమషుకేలీ అను యువకుడు కెమెరా విద్యను నేర్చి, 1912లో తమ జాతీయకవి అకాకి త్సెరెతెలీ రాచా, లెచ్ఖుమీ మండలములలో చేసిన యాత్రను చిత్రించినాడు. వృద్ధకవి గుఱ్ఱపుబండిపై వచ్చుట, జనము ఎదురేగుట మొదలగు దృశ్యములను అక్కడివారు నేటికిని చూడగలుగుచున్నారు. వెంకయ్య డేరాలతో తిరుగుచున్న కాలమది. ఇరువురును సామ్రాజ్యముల నీడలో బ్రతికినవారు. ఇరువురును తమ ప్రజలకు తమ బొమ్మను చూపదలచినవారు. వారి బొమ్మ మిగిలినది. ఇందు మరొక చిత్రమైన యోగమున్నది. మూకీల తుదిదశలో ప్రకాశ్ దర్శకత్వమున లైలా, స్టార్ ఆఫ్ మింగ్రేలియా అను చిత్రము వెలువడినది. మన దేశమున విరివిగా చదువబడిన రెయినాల్డ్సు అను ఆంగ్ల నవలాకారుని నవల పేరది. మింగ్రేలియా యనగా జార్జియాలోని ఒక సీమయే. బందరు ఫోటోగ్రాఫరు కుమారుడు మద్రాసులో ఆ దూరసీమ పేరుగల కథను తెరకెక్కించినాడు.

ఇటు నిజాము రాజ్యమున మరొక విధమైన ప్రయత్నము జరిగినది. వంగదేశీయుడగు ధీరేంద్రనాథ గంగోపాధ్యాయ హైదరాబాదునకు వచ్చి, ప్రభువు ఆదరమును సంపాదించి, 1922 ప్రాంతమున లోటస్ ఫిల్మ్ కంపెనీని స్థాపించి చిత్రములు తీసినారు. 1924లో రజియా బేగం అను చిత్రమును ప్రదర్శించినందులకు నిజామునకు ఆగ్రహము కలిగి ఆయన నగరము విడువవలసి వచ్చినది. ముస్లిము రాణికిని హిందువునకును ప్రణయము ఆ చిత్రపు కథ. ప్రభువును నమ్మిన సంస్థ ప్రభువు కనుబొమ ముడివడగానే ముగిసినది. వెంకయ్య నమ్మినది ప్రభువును కాదు, టిక్కెట్టు కొను జనమును. మరి ఆయన సంస్థ ఏల నిలువలేదు?

దీనికి కారణము లెక్కలలో ఉన్నది. విదేశీ చిత్రము తన దేశముననే ఖర్చును రాబట్టుకొని, మన దేశమునకు చౌకగా అద్దెకు వచ్చెడిది. మన చిత్రము తన మొత్తము ఖర్చును ఇక్కడి కొద్ది శాలలనుండియే రాబట్టవలెను. మూడు శాలల యజమానియైనను వెంకయ్య చిత్రమునకు ఆ మూడు శాలల రాబడి చాలదు. ఉన్న శాలలలో మంచివి విదేశీ చిత్రములకే మొగ్గు చూపెడివి. ఈ ఇక్కట్లను విచారించుటకై 1927లో ప్రభుత్వము టి. రంగాచారి అధ్యక్షతన ఒక సంఘమును నియమించినది. అప్పటికే స్టార్ ఆఫ్ ది ఈస్ట్ మూతబడినది. శాలల రాబడి చిత్రములకు, చిత్రముల నష్టము శాలలకు ముడిపడియుండుటచేత, ఒకటి కుంగగానే రెండవదియు కుంగినది. మెట్లు కట్టినట్లు కట్టినది మెట్లవలెనే దిగినది. అప్పులు పెరిగి శాలలు ఒక్కొక్కటిగా ఇతరుల పాలైనవి.

1931 మార్చి 14వ తేదీన బొంబాయిలో ఆలం ఆరా పలికినది. 1932లో హెచ్.ఎం. రెడ్డి దర్శకత్వమున భక్తప్రహ్లాద తెలుగున పలికినది. గాలితో ధ్వనిని పెంచి, గ్రామఫోను ప్లేటుతో బొమ్మకు మాట నేర్పవలెనని 30,000 రూపాయలు పోసిన మనిషి అప్పటికి అరువది దాటిన వృద్ధుడు. ఇరువది ఏండ్ల క్రిందట ఆయన ఏ వింతకై ఫోటో స్టూడియోను కుదువబెట్టినారో ఆ వింత ఇప్పుడు ఊరూర వ్యాపారమైనది. ఆయన చేతిలో మాత్రము శాల లేదు. కుమారుడు ప్రకాశ్ టాకీలలో కూడ పనిచేసి, 1940లో చండిక వంటి తెలుగు చిత్రములకు దర్శకత్వము వహించి, 1956లో మరణించినారు. వెంకయ్య 1941 మార్చి 15వ తేదీన మద్రాసులో కన్నుమూసినారు.

ఇక ఆ చిత్రములు ఏమైనవి? నాటి ఫిలిము నైట్రేటుతో చేయబడినది. నిప్పు సోకిన క్షణములో భగ్గుమనును. నిప్పు సోకకున్నను వేడికి, తేమకు మెత్తబడి, జిగురై, తుదకు పొడియై పోవును. మద్రాసు సముద్రతీరపు ఉక్కలో దానిని నిలుపుట కష్టము. మరియు ఫిలిముపై వెండి ఉన్నది. ఆడి పాతబడిన చిత్రమును ఆ వెండికొరకు కరగించి అమ్ముకొనుట ఆనాడు వాడుక. టాకీలు వచ్చిన పిదప మూగ బొమ్మకు అంతకు మించిన విలువ ఉండునని ఎవరును ఊహింపలేదు. మన దేశమున 1,300లకు పైగా మూకీలు తయారైనవి. వానిలో పూర్తిగానో కొంత భాగముగానో మిగిలినవి ముప్పదికి మించవు. పూణేలో జాతీయ చలనచిత్ర భాండాగారము 1964లో ఏర్పడునప్పటికి చాలవరకు చేయిదాటినది. దక్షిణదేశపు మూకీలలో అక్కడికి చేరిన మార్తాండవర్మ కూడ న్యాయస్థానపు వివాదము మూలమున ప్రదర్శన ఆగి, ఒక మూల పడియుండుటచేతనే దక్కినది. భీష్మప్రతిజ్ఞకు ఆ భాగ్యము కూడ పట్టలేదు.

మా రేడియో వృత్తిలోనివారికి ఈ నష్టము కొంత ఎక్కువగా తెలియును. ఒకనాటి ప్రసారములు చాలవరకు అప్పటికప్పుడు పలికినవి, అప్పటికప్పుడు గాలిలో కలసినవి. ఎందరో విద్వాంసుల గానము, ఎందరో పండితుల ప్రసంగము కాగితముపై కార్యక్రమపు పట్టికగా మాత్రమే మిగిలినది. పేరు, దినము, గంట తెలియును, గొంతు తెలియదు. వెంకయ్య చిత్రముల స్థితియు అట్టిదే. పేర్లు ఉన్నవి, ఏండ్లు ఉన్నవి. గంగగా నటించిన యువతి తెరపై ఎట్లు నడచినదో, గజేంద్రుని మొసలిని ఏ ఉపాయముతో చిత్రించినారో తెలిసికొను మార్గము లేదు. ఆయన కట్టించిన శాలలలో కూడ నేడు బొమ్మ ఆడుటలేదు.

అయినను వెంకయ్యను గూర్చిన స్మృతి కేవలము పురస్కారపు పేరుగా మిగులనక్కరలేదు. చరిత్ర ఒక్క ఫిలిములోనే ఉండదు. పాత కరపత్రము, చిరిగిన టిక్కెట్టు, డేరా వేయుటకు తాలూకా కచేరీ ఇచ్చిన అనుమతి కాగితము, సినిమా శాల ముందు దిగిన కుటుంబపు ఫోటో, ఒక తాతగారి దినచర్య పుస్తకమున నేడు బయస్కోపు చూచితిమి అను ఒక్క వాక్యము, ఇవియన్నియు చరిత్రకు ఆధారములే. మద్రాసునుండి రంగూను వరకు తిరిగిన ఆ డేరాల జాడలు ఏ ఇంటి అటకపై ఉన్నవో ఎవరు చెప్పగలరు? రంగూనునుండి తిరిగివచ్చిన కుటుంబముల పెట్టెలలో, మన బీదరు సరిహద్దు సంతలలో బొమ్మలాడించినవారి ఇండ్లలో అటువంటివి ఉండవచ్చును.

పాఠకులకు మా మనవి ఇది. పాత రీలు ముక్క దొరికినచో దానిని దీపమునకు, పొయ్యికి దూరముగా ఉంచుడు. బిగించిన డబ్బాలో, ఎండ తగులుచోట దాచకుడు. వాసన మారినను పారవేయక చలనచిత్ర భాండాగారమువారికి తెలియజేయుడు. కాగితములైనచో వెనుక వైపున ఎవరిది, ఏ ఊరిది, ఏ ఏటిది అని పెన్సిలుతో వ్రాసియుంచుడు. ఇంటిలో పెద్దలు ఉన్నచో, వారు చూచిన తొలి బొమ్మ ఏది, ఎక్కడ చూచినారు, టిక్కెట్టు ఎంత అని ఈ సాయంకాలమే అడిగి వ్రాసికొనుడు.